రోశమ్మ ఒక్కతేనా?

సారా వ్యతిరేకోద్యమం అనగానే ఇప్పటికీ చాలామందికి గుర్తొచ్చే ముఖం ఒక్కటే: దూబగుంట రోశమ్మ. ఆవిడ ఇంటిపేరు వర్ధినేని. పత్రికలు, కెమెరాలు కలిసి ఊరిపేరునే ఇంటిపేరు చేశాయి. పెళ్ళితో ఇంటిపేరు మారడం మనకు మామూలే. పోరాడిన ఊరే ఇంటిపేరు కావడం మాత్రం అరుదు. అయితే ఆ గౌరవంలోనే ఒక చిక్కుంది.

తెర మీదికి రాకముందే దూబగుంట వాచకంలోకి ఎక్కింది. 1990ల మొదట్లో నెల్లూరు జిల్లాలో ‘అక్షర దీపం’ పేరుతో అక్షరాస్యతా కార్యక్రమం జరిగింది. పగలు కూలికి పోయొచ్చిన ఆడవాళ్ళు రాత్రిళ్ళు పలకలు పట్టారు. తాగినవాళ్ళిద్దరు చెరువులో పడి చనిపోయాక దూబగుంట స్త్రీలు సారా కొట్టు మూయించిన వైనం ‘ఆడవాళ్ళు ఏకమైతే’ అనే పాఠమైంది. ఉదయగిరి, ఆత్మకూరు పల్లెల్లో కూడబలుక్కుని చదివినవాళ్ళకు అది పక్కూరి కథ. ‘వారుణి వాహిని’ పుణ్యమా అని సర్కారు సారా ప్యాకెట్లలో గడప దాకా వచ్చిన రోజులవి. అప్పటికే కూలి డబ్బులు దానికే పోతున్నాయి. 1992లో స్త్రీలు సారా పాటలనే జరగనివ్వలేదు. 1993 ఏప్రిల్ 15న జిల్లాలో, అక్టోబర్ 1న రాష్ట్రమంతటా సారా నిషేధం వచ్చింది.

1996లో నాతా దువ్వూరి, శబ్నమ్ విర్మానీ తీసిన ‘వెన్ విమెన్ యునైట్’ డాక్యుమెంటరీ వచ్చింది. పేరుకు అర్థం ఆ పాఠం పేరే! జరిగినవాటిని మళ్ళీ నటింపజేసి, స్త్రీల మాటలతో కలిపి అల్లిన చిత్రమది. పాఠం తెలుగులో పల్లె ఆడవాళ్ళ కోసం రాసింది. చిత్రం ఇంగ్లీషు పేరుతో బయటి ప్రపంచానికి వెళ్ళింది. ఆడవాళ్ళు చదువరుల నుంచి పాత్రలయ్యారు. ఇందులో తప్పు పట్టడానికి నాకు మనసొప్పదు. ఆ మాత్రం దాఖలా ఎన్ని స్త్రీల పోరాటాలకుంది?

నా పేచీ టీవీ వార్తలతో. ఈ ఉద్యమానికి కేంద్ర నాయకత్వం లేదు, ఏ ఊరికా ఊరే కదిలింది. కదిలినవాళ్ళలో ఎక్కువమంది దళిత, వెనుకబడిన కులాల కూలి స్త్రీలు. కెమెరాకు మాత్రం ఒక నాయకురాలు కావాలి, చెప్పిన కథే మళ్ళీ చెప్పే మనిషి కావాలి. మద్యం మాట వచ్చినప్పుడల్లా విలేకరులు దూబగుంట దారి పట్టారు. 1995 జనవరి 16న వచ్చిన సంపూర్ణ మద్యనిషేధాన్ని 1997లో ఎత్తేశారు. తర్వాత బెల్టు షాపులొచ్చాయి. ముసలితనంలో రోశమ్మ గెలుపు గురించే మాట్లాడాల్సి వచ్చింది, ఓటమి కళ్ళ ముందుండగా.

2016లో ఆవిడ పోయినప్పుడు వచ్చిన వార్తల్లో పక్కన మరో స్త్రీ పేరుంటుందేమోనని చూశాను. నా కంటబడినవాటిలో ఒక్కటీ లేదు.