తోట వైకుంఠం: సినిమా కళాదర్శకత్వం

తోట వైకుంఠం (జననం 1942) తెలంగాణ చిత్రకారుడు, సినిమా కళాదర్శకుడు. బి. నర్సింగరావు తీసిన 'దాసి' (1988) చిత్రానికి 36వ జాతీయ చలనచిత్ర పురస్కారాల్లో ఉత్తమ కళాదర్శకుడిగా ఎంపికయ్యారు. చిత్రకారుడిగా వచ్చిన పేరు ముందు ఈ పని దాదాపు మరుగున పడింది. అది అన్యాయమే.

నిజాం ఏలుబడిలోని కరీంనగర్ జిల్లా బూరుగుపల్లిలో పుట్టారు. ఊరికి వచ్చే నాటక బృందాల్లో ఆడవేషం కట్టే మగవాళ్లను చూసి చిన్ననాడే ముచ్చటపడ్డారు. హైదరాబాద్‌లో చిత్రలేఖనం చదివాక, లలితకళా అకాడమీ ఉపకారవేతనంతో బరోడా వెళ్లి కె.జి. సుబ్రమణ్యన్ దగ్గర శిక్షణ పొందారు. ఆ తర్వాత ఆయన కుంచె సొంతూరి ఆడవాళ్ల మీదే నిలిచింది: చామనఛాయ ఒళ్లు, పెద్ద కుంకుమ బొట్టు, ముక్కుపుడక, కళ్లు చెదిరే ఎరుపు, పసుపు చీరలు.

'దాసి' కథ 1920ల నాటి తెలంగాణలో, దొర నివాసమైన గడీలో నడుస్తుంది. పెళ్లికూతురి వెంట అత్తవారింటికి దాసీని పంపే ఆడబాప ఆచారం దీనికి మూలం. దాసి కమలాక్షిగా అర్చన నటించారు. సినిమాలో మాటలు చాలా తక్కువ కాబట్టి దొర దర్పమూ, దాసి బతుకూ ఇల్లే చెప్పాలి. దొరకు గడీ అంటే ఎత్తు గోడలు, స్తంభాలు, విశాలమైన అర్రలు. కమలాక్షికి అదే గడీ ఊడ్వాల్సిన వాకిలి, నింపాల్సిన గంగాళం, అందించాల్సిన హుక్కా. ఒకే ఇంటిని ఈ రెండు చూపులకూ అమర్చడం వైకుంఠం సాధించిన పని. కాన్వాసు మీద అంత వెలిగే రంగులను ఇక్కడ ఆయన బాగా అదుపులో పెట్టారు. పల్లెలో పెరిగి, ఏ వస్తువు ఎవరి చేతిలో అరిగిపోతుందో ఎరిగినవాడి నిగ్రహం అది.

వైకుంఠం కంటే ముందు ఏడాది ఉత్తమ కళాదర్శకుడి పురస్కారం 'నాయకన్' చిత్రానికి మరో తెలుగువాడు తోట తరణి అందుకున్నారు. ఆయన బొంబాయి ధారావిని మద్రాసు స్టూడియోలో కట్టి చూపించారు. ఫ్రాన్సులో కళాదర్శకుడు అలెగ్జాండర్ ట్రానెర్‌ది కూడా ఆ దారే: 1945లో విడుదలైన 'లెజాంఫాం ద్యు పారడీ' సినిమా కోసం 19వ శతాబ్దపు పారిస్ వీధి ఆయన రూపకల్పనతో నీస్ నగరంలోని స్టూడియోలో లేచింది. భారీ సెట్టును ప్రేక్షకుడు చూడగానే గుర్తిస్తాడు. వైకుంఠం తరహా పని కంటికి ఆనకుండానే కథలో కలిసిపోతుంది. నా దృష్టిలో దీనికి కావలసిన నేర్పు తక్కువదేమీ కాదు.

'దాసి'కి మొత్తం 5 జాతీయ పురస్కారాలు వచ్చాయి: ఉత్తమ తెలుగు చిత్రం, నటి అర్చన, ఛాయాగ్రాహకుడు ఎ.కె. బీర్, కళాదర్శకుడు వైకుంఠం, దుస్తుల రూపకర్త సుదర్శన్. సుదర్శన్ ఆ తర్వాత 'దాసి సుదర్శన్'గానే పేరుపడ్డారు.

వైకుంఠం చిత్రాలను ఇష్టపడేవారు 'దాసి'ని కూడా తప్పక చూడాలి. చూసేటప్పుడు కాసేపు పాత్రలను వదిలి, వాటి చుట్టూ ఉన్న గోడలనూ సామాన్లనూ గమనించండి.