రోడ్ రాష్ ఆట - పెనుకొండ పాఠం

పాత ఆటను మళ్ళీ తయారుచేయడమంటే బొమ్మలకు మెరుగు పెట్టడమేనా? తెలుగు చదువుకున్నవారికి ఈ ప్రశ్న కొత్తది కాదు. నన్నయ ప్రారంభించిన మన ఆదికావ్యమే ఒక పునఃసృష్టి. తిక్కన భీష్మపర్వంలో ఏడువందల శ్లోకాల గీతను కొద్ది పద్యాలకు కుదించి, కథ నడకను కాపాడుకున్నాడు. ఏది ఉంచాలి, ఏది విడవాలి అన్న ఎరుకే ఆ విద్యకు మూలం.

సరే, ఆట సంగతికి వద్దాం. 'రోడ్ రాష్' అనే మోటారు సైకిళ్ళ పందెం 1991లో సెగా జెనెసిస్ యంత్రం కోసం వెలువడింది. 1996లో విండోస్ కంప్యూటర్లకు వచ్చింది. ఆ తరువాతి సంవత్సరాలలో హిందూపురం, ధర్మవరం నెట్ సెంటర్లలో నా విద్యార్థులెందరో దానికి దాసులయ్యారు. పక్కవాడిని తన్నడం, పోలీసుకు చిక్కితే జరిమానా కట్టడం, కిందపడితే లేచి బండి దాకా పరుగెత్తడం - ఇవే దాని ప్రాణం. 2017లో అదే బాటలో వచ్చిన 'రోడ్ రిడెంప్షన్'లో తుపాకులు కూడా చేరాయి. ఆయుధాలు పెరిగాయి గాని, దారిన పోయే మనిషి విలువ పెరగలేదు.

పునర్నిర్మాణమంటే ఏమిటో మా పెనుకొండను అడగాలి. 1565లో తళ్ళికోట యుద్ధం ముగిశాక తిరుమలరాయలు హంపిని విడిచి ఇక్కడికి వచ్చాడు. హంపి వైభవానికి నకలు కట్టే పని పెట్టుకోలేదు. ఉన్న కొండకోటను ఆశ్రయించి రాజ్యాన్ని నిలబెట్టాడు. ప్రాణం పాతదే, నేల కొత్తది.

రోడ్ రాష్ విండోస్ ఆటలో దారులు కాలిఫోర్నియావి. కొత్తగా చేసేవారు హిందూపురం నుండి సోమందేపల్లి మీదుగా పెనుకొండకు, అక్కడి నుండి ధర్మవరానికి ఒకసారి ప్రయాణం చేయాలి. వేరుశనగ బస్తాల ట్రాక్టరు, టీవీఎస్ బండి మీద పట్టుచీరల మూటతో నేతగాడు, గొర్రెల మంద, 2019లో ఉత్పత్తి మొదలైన ఎర్రమంచి కియా కర్మాగారం నుండి కార్లను మోసుకుపోయే పొడవాటి లారీలు కనబడతాయి. పాత ఆటకు ఇటువంటివారు అడ్డంకులు మాత్రమే. కొత్త ఆటలో వీరిని తాకితే పందెం అక్కడికక్కడే ఆగిపోవాలి. జరిమానాతో తీరిపోరాదు.

ఇంత పట్టుదల దేనికంటారా? నా తరగతిలో కూర్చున్న ఇద్దరు పిల్లలు 44వ నంబరు జాతీయ రహదారి మీద పడి మళ్ళీ లేవలేదు. ఆ నేరాన్ని ఆట మీద వేయను. అయితే పడినవాడు లేచి పరుగెత్తే ఆ దృశ్యం చూసినప్పుడల్లా వాళ్ళే గుర్తుకు వస్తారు.

ఆ పరుగును తీసివేయమనను. తన బండి దగ్గరికే కాక, తాను పడగొట్టిన మనిషి దగ్గరికి కూడా ఆటగాడు పరుగెత్తగలిగితే చాలు. అప్పుడు ఆ పునఃసృష్టి మూలాన్ని మించుతుంది. మీరేమంటారు?