మార్క్ గోల్డ్‌బ్లాట్

మార్క్ గోల్డ్‌బ్లాట్ అమెరికన్ సినిమా ఎడిటర్, దర్శకుడు. చవకగా, చకచకా సినిమాలు తీయడంలో పేరుమోసిన నిర్మాత రోజర్ కోర్మన్ సంస్థ న్యూ వరల్డ్ పిక్చర్స్‌లో ఆయన పని నేర్చుకున్నారు.

దర్శకుడు జో డాంటేతో కలిసి 'పిరానా' (1978)కు ఎడిటింగ్ చేశారు. అందులో మనుషులపై దాడి చేసే పిరానా చేపలు నిజానికి పుల్లలకు గుచ్చి ఆడించిన రబ్బరు బొమ్మలు. తెరపై కాసేపు నిలిస్తే గుట్టు బయటపడుతుంది. అందుకే దాడి దృశ్యాలను చిన్న చిన్న షాట్లుగా కత్తిరించారు: కదిలే పళ్లు, నీటి బుడగలు, ఎర్రబడే నీళ్లు. మిగతాది ప్రేక్షకుడి ఊహకే వదిలేశారు. డబ్బు లేని లోటును కత్తెర పూడ్చింది.

'ది హౌలింగ్', 'హాలోవీన్ 2' (రెండూ 1981) తర్వాత, సుమారు 64 లక్షల డాలర్లతో జేమ్స్ కామెరాన్ తీసిన 'ది టెర్మినేటర్' (1984) ఆయనకు పెద్ద పేరు తెచ్చింది. ఆపై 'కమాండో' (1985), 'ట్రూ లైస్' (1994), 'ఆర్మగెడాన్' (1998) వంటి భారీ చిత్రాలకు పనిచేశారు. 'డెడ్ హీట్' (1988), 'ది పనిషర్' (1989) చిత్రాలకు దర్శకత్వం వహించారు.

'టెర్మినేటర్ 2' (1991) ఎడిటింగ్‌కు కాన్రాడ్ బఫ్, రిచర్డ్ ఎ. హారిస్‌లతో కలిసి ఆస్కార్ నామినేషన్ పొందారు. ఆ ఏడాది అవార్డు 'జేఎఫ్‌కే' చిత్రానికి దక్కింది.