గొట్టపు వంపులో గుక్కెడు నీరు

హాంగ్‌కాంగ్‌లోని ఆమోయ్ గార్డెన్స్ నివాస సముదాయంలో 2003 మార్చి, ఏప్రిల్ నెలలలో 300 మందికి పైగా సార్స్ వ్యాధి సోకింది. వేర్వేరు అంతస్తులలో, తలుపులు మూసుకొని ఉన్నవారిని అది ఎలా చేరింది? ప్రభుత్వ దర్యాప్తులో తేలిన కారణాలలో ఒకటి స్నానాలగదుల నేల కింద ఎండిపోయిన గొట్టపు వంపు. ఆ వంపుకు అప్పటికే 228 ఏళ్ళ చరిత్ర ఉంది.

1775లో అలెగ్జాండర్ కమింగ్ అనే గడియారాల నిపుణుడు లండన్‌లో ఒక మరుగుదొడ్డికి పేటెంటు పొందాడు. అందులోని విశేషం, కింది గొట్టాన్ని ఆంగ్లాక్షరం ‘ఎస్’ ఆకారంలో వంచడం. నీరు పోసిన ప్రతిసారీ కొంత ఆ వంపులో నిలిచిపోతుంది. మలినం కిందికి దిగుతుంది, కింది గాలి మాత్రం పైకి రాలేదు. నీటితోనే చేసిన బిరడా అది.

పంతొమ్మిదవ శతాబ్దంలో ఇళ్ళను నగరపు మురుగు కాలువలతో కలిపాక ఈ బిరడా అవసరం పెరిగింది. దుర్వాసనే రోగకారణమని నాటి వైద్యులలో అనేకుల నమ్మకం. 1871లో బ్రిటిష్ యువరాజు ఎడ్వర్డ్‌కు టైఫాయిడ్ వచ్చినప్పుడు, ఆయన బస చేసిన స్కార్‌బరో భవనపు మురుగు గొట్టాలనే అనుమానించారు.

అయితే బిరడాకు ఒక బలహీనత ఉంది. నిలువు గొట్టంలో నీరు వేగంగా దిగుతూ వెనుక ఉన్న గాలిని లాగుతుంది; దానితో వంపులోని నీరూ పోతుంది. గొట్టాన్ని ఇంటి కప్పు పైదాకా పొడిగించి గాలి ఆడనివ్వడమే దీనికి విరుగుడు. నేటి ఇళ్ళ కప్పులపై కనిపించే గొట్టాలు అందుకే.

సూక్ష్మజీవుల సిద్ధాంతం స్థిరపడ్డాక దుర్వాసన వాదం చెల్లిపోయింది. వంపు మాత్రం మిగిలింది. సిద్ధాంతం తప్పయినా సాధనం సరైనదే.

ఆమోయ్ గార్డెన్స్‌లో నేలను నీటితో కడగక తడిగుడ్డతో తుడవడం వల్ల వంపులు ఎండిపోయాయి. గాలిని బయటికి లాగే పంకాలు మురుగు గొట్టంలోని వైరస్ తుంపరలను గదులలోకి పీల్చాయని దర్యాప్తు భావించింది. ఈసారి రోగాన్ని మోసింది వాసన కాదు, తుంపర.

అమెరికా నిర్మాణ నియమాల ప్రకారం ఈ నీటి బిరడా లోతు కనీసం రెండు అంగుళాలు. వాడకం లేకపోతే ఆ నీరు క్రమంగా ఆవిరైపోతుంది. నెలల తరబడి ఇల్లు తాళం వేసి స్వదేశానికి వెళ్ళివచ్చేవారు, తిరిగి రాగానే నేలమాళిగలోని తూములో ఒక చెంబెడు నీళ్ళు పోస్తే చాలు. కమింగ్ కట్టిన కాపలా మళ్ళీ నిలబడుతుంది.