పట్టుపురుగు, లక్క, చిరివేరు: మన వృత్తిచరిత్రము



రాజుల వంశావళులు శాసనములలో నున్నవి; మన నేతవారి వంశావళి దారములోను రంగులోను నున్నది. ఆ దారములలో మేలైనదాని నిచ్చినది యొక పురుగు. ఆ రంగుల నిచ్చినవి కొన్ని మొక్కలు, మఱియొక సూక్ష్మజీవి. వీని చరిత్ర మెఱుంగక మన చరిత్ర మెఱుంగుట పొసఁగదు.

కోశమునుండి పుట్టినది కౌశేయము. ఈ పదమును సాధించుటకు పాణిని యొక సూత్రము చేసెను. పట్టు పురుగుగూటినుండి వచ్చునని అమరసింహుఁడును జెప్పెను. లాక్షతో రంగువేసిన వస్త్రమును 'లాక్షికము' అనుటకును అష్టాధ్యాయిలో సూత్రము గలదు. మోదుగు, రేగు కొమ్మల నంటి బ్రదుకు చిన్నపురుగు స్రవించునదియే లక్క. దానినుండి తీసిన యెఱుపే కావ్యనాయికల పాదముల లత్తుక.

అయినను లోకమర్యాద విచిత్రము. గూళ్లను నీటఁ గాఁచి, లోని ప్రాణినిఁ జంపి తీసిన పట్టు పూజకు మడి యయ్యెను. ఆపత్కాలమున వర్తకము చేయు బ్రాహ్మణుఁడు సైతము రంగువేసిన నేతగుడ్డను, లాక్షను, నీలిని అమ్మరాదని మనుస్మృతి దశమాధ్యాయము నిషేధించెను. వస్త్రమునకు దక్కిన గౌరవము రంగుబానలో మునిఁగిన చేతికి దక్కలేదు. ఈ వైరుధ్యమును మన పిల్లలు తెలిసికొనవలెను. తెలిసికొని తల వంపక, తమ వృత్తి విలువ నెఱుంగవలెను.

ఆ విలువను సముద్రములు దాఁటి వచ్చినవా రెఱిఁగిరి. కృష్ణాతీరపు టిసుకనేలలఁ బెరిగిన చిరివేరు పటికతోఁ గూడి గుడ్డమీఁద చెదరని యెఱుపు నిచ్చెడిది. 1606లో డచ్చివారు, 1611లో ఆంగ్లేయులు మచిలీపట్టణమున వర్తకస్థానములు నెలకొల్పుటకు ఈ తీరపు వస్త్రములే ముఖ్యకారణము. 1868లో గ్రేబె, లీబర్మను అను జర్మను శాస్త్రజ్ఞులు ఆ యెఱుపునకు మూలమైన అలిజరిన్‌ను ప్రయోగశాలలోఁ జేసిరి. 1897లో కృత్రిమపు నీలియు అంగడికి వచ్చెను. క్రమముగా చిరివేరు చేలును, నీలిమందు చేలును మాసిపోయెను. చీరాల తేలియా రుమాళ్లకును అలిజరినే వచ్చి చేరెను. అయినను ఆముదపు కాయల బూడిదతోను, నూనెతోను నూలును నానఁబెట్టు పూర్వవిధానమును మనవారు విడువలేదు. రంగు మాఱినను చేతి విద్య నిలిచెను.

చేను పోయిన వెనుక పేరును బోవును. పేరు పోయిన వెనుక విద్యయుఁ బోవును. కావున ప్రతి కుటుంబమునందును వృద్ధులు చెప్పు మొక్కల పేరులు, వాని పాళ్లు, కాఁచు విధములు వ్రాసి యుంచవలెనని నా ప్రార్థన. శాసనములు లేని మనకు ఆ కాగితములే శాసనములు.