కంఠం ముందు, కాయం తరువాత: సిడ్నీ గ్రీన్‌స్ట్రీట్ నటజీవితం

సిడ్నీ గ్రీన్‌స్ట్రీట్ ప్రస్తావన రాగానే సినిమా చరిత్రకారులు రెండు సంగతులు చెబుతారు: భారీకాయుడనీ, తొలి సినిమా 61వ ఏట చేశాడనీ. రెండూ నిజమే. కానీ రెండింటినీ జోడించి చెప్పేసరికి, ఎక్కడో మరుగున పడి ఉన్న లావుపాటి పెద్దమనిషిని హాలీవుడ్ పట్టుకొచ్చి కెమెరా ముందు కూర్చోబెట్టిందన్న అభిప్రాయం స్థిరపడిపోయింది. నిజానికి 1902 నుంచి 1941 దాకా, 39 ఏళ్లు, ఆయన రంగస్థలం మీదే ఉన్నారు. ఆయన నటనకు మూలాధారం గొంతు, ఆ గొంతును తయారు చేసింది నాటకం అన్నది ఈ వ్యాసం ప్రతిపాదన.

గ్రీన్‌స్ట్రీట్ 1879 డిసెంబరు 27న ఇంగ్లండులోని కెంట్ ప్రాంతంలో, శాండ్‌విచ్ పట్టణంలో పుట్టారు. తండ్రిది తోళ్ల వ్యాపారం. కుర్రతనంలో సిలోన్ తేయాకు తోటల్లో బాగుపడదామని వెళ్లి, వానలు మొహం చాటేయడంతో వెనక్కి వచ్చేశారు. తర్వాత ఒక బీరు కంపెనీలో ఉద్యోగం. ఆ ఉద్యోగంలోని విసుగు పోగొట్టుకోవడానికే బెన్ గ్రీట్ దగ్గర నటన నేర్చుకోవడం మొదలుపెట్టారు. 1902లో రామ్స్‌గేట్‌లో ఆడిన షెర్లాక్ హోమ్స్ నాటకంలో హంతకుడిగా తొలి వేషం కట్టారు.

బెన్ గ్రీట్ నాటక సమాజం షేక్‌స్పియర్ నాటకాలను పెద్ద ఆర్భాటం లేకుండా, తరచు ఆరుబయట ప్రదర్శించేది. మైకులు లేని రోజులవి. ఆఖరి వరస దాకా మాట చేరాలంటే ఊపిరి ఎక్కడ పట్టాలో, ఎక్కడ వదలాలో తెలిసుండాలి. మన పద్యనాటక నటులకు ఈ సంగతి విడమరచి చెప్పనక్కర్లేదు. గ్రీట్ బృందంతోనే ఆయన అమెరికా చేరారు. 1905లో ‘ఎవ్రీమాన్’తో బ్రాడ్వేలో కనిపించి, క్రమంగా అక్కడే స్థిరపడ్డారు. హాస్యపాత్రలూ సంగీత నాటకాలూ అన్నీ ఆడారు.

1930లలో ఆల్ఫ్రెడ్ లంట్, లిన్ ఫాంటన్ నట దంపతుల నాటకాల్లో ఆయనకు స్థిరమైన చోటు దొరికింది. 1935 నాటి ‘ది టేమింగ్ ఆఫ్ ది ష్రూ’లో బాప్టిస్టా పాత్ర ఆయనది. ‘ఇడియట్స్ డిలైట్’, ‘ది సీగల్’, ‘దేర్ షల్ బీ నో నైట్’ ఆ వరసలోవే. ఒకరి మాట పూర్తి కాకముందే మరొకరు అందుకుంటూ, ఏ మాటా ప్రేక్షకుడికి జారిపోకుండా సంభాషణ నడపడంలో లంట్ దంపతులు సిద్ధహస్తులు. వారి పక్కన నిలబడాలంటే పలకడంతో పాటు వినడమూ నేర్వాలి. గ్రీన్‌స్ట్రీట్ సినిమా నటనలో నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోచే గుణం ఈ వినడమే.

జాన్ హ్యూస్టన్ దర్శకుడిగా తీసిన తొలి చిత్రం ‘ది మాల్టీస్ ఫాల్కన్’ (1941). డాషియల్ హామెట్ నవలకు అది మూడో తెర రూపం. 1931 చిత్రంలో, గద్ద బొమ్మ కోసం వేటాడే గట్‌మన్ పాత్రను డడ్లీ డిగ్స్ పోషించారు; 1936లో ‘సాటన్ మెట్ ఎ లేడీ’ పేరుతో తీసినప్పుడు ఆ పాత్రను స్త్రీగా మార్చి ఆలిసన్ స్కిప్‌వర్త్‌కు ఇచ్చారు. ఆ ఇద్దరినీ నేడు తలచుకునేవారు అరుదు. గ్రీన్‌స్ట్రీట్ ఆకారం గట్‌మన్‌కు సరిగ్గా అతికిందని సరిపెట్టుకోవచ్చు. ఛాయాగ్రాహకుడు ఆర్థర్ ఎడిసన్ కెమెరాను కింద నుంచి పైకి చూపించి ఆ బొజ్జను మరింత పెంచిన మాటా నిజమే. కానీ గద్ద బొమ్మ చరిత్ర చెప్పే దృశ్యం చూడండి. మత్తుమందు కలిపిన విస్కీ డిటెక్టివ్ స్పేడ్ మీద పనిచేసే వరకు అతన్ని మాటల్లో పెట్టాలి. అంటే గట్‌మన్ కథ చెబుతూనే శ్రోతను కనిపెడుతూ ఉండాలి. గొంతులో ఆతిథ్యం, కళ్లలో లెక్క. చివరి అంకంలో బొమ్మను చాకుతో గీకి అది సీసమని తెలుసుకున్న క్షణం ఇంకా గొప్పది. వణుకు, కాలరు సర్దుకోవడం, ఒక చిన్న విరామం, ఆపైన నవ్వు. 17 ఏళ్ల వేట వృథా అయిందని గ్రహించి, మరో ఏడాది వెతకడానికి సిద్ధపడేందుకు ఆ మనిషికి పట్టిన సమయం అంతే. అది రంగస్థలం నేర్పిన విరామం. ఈ పాత్రకు ఆస్కార్ సహాయనటుడి ప్రతిపాదన దక్కింది. బహుమతి మాత్రం డొనాల్డ్ క్రిస్ప్‌కు వెళ్లింది.

తర్వాత వార్నర్ స్టూడియో అదే అచ్చును పదేపదే పోసింది. నటుడు పీటర్ లోరీతో తొమ్మిది చిత్రాల్లో ఆయన పేరు కనిపిస్తుంది. విశేషమేమంటే, ఆ జోడీకి తార్కాణంగా చూపే ‘కాసాబ్లాంకా’లో ఇద్దరూ కలిసి నటించిన దృశ్యమే లేదు. జోడీ బలం చూడాలంటే ‘ది మాస్క్ ఆఫ్ డిమిట్రియోస్’ (1944) చూడాలి. డాన్ సీగెల్ తొలి పూర్తి నిడివి చిత్రం ‘ది వెర్డిక్ట్’ (1946) స్టూడియో గీసిన గీతను కొంత దాటింది: నిర్దోషిని ఉరికంబం ఎక్కించిన తప్పుకు కొలువు పోగొట్టుకున్న స్కాట్లాండ్ యార్డ్ అధికారి గ్రాడ్‌మన్ అందులో కథానాయకుడు. నవలాకారుడు విల్కీ కాలిన్స్ సృష్టించిన కౌంట్ ఫాస్కో వేషం 1948లో ఆయనకు రావడం సహజమే. గట్‌మన్‌కు సాహిత్య పూర్వీకుడు ఫాస్కోనే. అయితే అప్పటికి ప్రేక్షకులకు ఆ నవ్వు ముందే తెలిసిపోయింది.

మూత్రపిండాల జబ్బు, మధుమేహం కుంగదీయడంతో 1949 నాటి ‘మలయా’తో సినిమాలు ఆగాయి. 1950 అక్టోబరు నుంచి 1951 ఏప్రిల్ వరకు ఎన్‌బీసీ రేడియోలో ఆయన డిటెక్టివ్ నీరో వుల్ఫ్ పాత్ర ధరించారు. వుల్ఫ్ కూడా ఇల్లు కదలని స్థూలకాయుడే. కానీ రేడియోకు పొట్టతో పనిలేదు, కింది నుంచి చూసే కెమెరా లేదు. నిదానంగా సాగే వాక్యం, మధ్యలో చిరాకు, ముగింపులో గుర్రుమనే ధ్వని: ఇవి మాత్రమే ఆ కుర్చీనీ కుర్చీలోని మనిషినీ శ్రోత ముందు నిలపాలి. ఆయన సినిమా నటన మీద రాసేవారు ఈ ధారావాహికను అనుబంధంగా చూసి వదిలేస్తున్నారు. వ్యాసం మొదట్లో చేసిన ప్రతిపాదనకు నేరుగా సాక్ష్యమిచ్చేవి ఆ ప్రసారాలే.