గోఖలే గారి కిరీటం

ఫిల్మ్‌నగర్‌లో మా సెట్టింగుల షెడ్డు అటక మీద ఒక కిరీటం ఉంది. అట్ట కత్తిరించి, దాని మీద నూలు తాడుతో లతలు అంటించి, పైన బంగారు రంగు కొట్టాను. ఒక సినిమాలో పాత పౌరాణిక దృశ్యం కావాల్సొస్తే ‘మాయాబజార్’ స్టిల్లు ముందు పెట్టుకుని చేసిందది. మధ్యలో రాయి దగ్గర చెయ్యి ఆగిపోయింది. స్టిల్లులో అది ముదురు బూడిద మచ్చ. కెంపా, పచ్చా?

మా పెయింటర్ మేస్త్రి చూసి, "ఒరే అబ్బాయ్, నలుపు తెలుపులో ఆ రెండూ ఒక్కలాగే పడతాయి. వాళ్ళు రంగు చూసుకోలేదురా, వెలుగు చూసుకున్నారు" అన్నాడు. ముప్ఫై ఏళ్ళ పనిలో నాకు దొరికిన పెద్ద పాఠం అదే.

ఆ కిరీటం వెనక మనిషి మా. గోఖలే. పూర్తి పేరు మాధవపెద్ది గోఖలే. మా పొన్నూరు పక్కనున్న బ్రాహ్మణ కోడూరు ఆయన ఊరు. ‘బల్లకట్టు పాపయ్య’ కథ రాసిన చెయ్యే 1951లో ‘పాతాళభైరవి’కి, 1957లో ‘మాయాబజార్’కి బొమ్మలు గీసింది. కళా దర్శకులుగా ఆయన పేరు పక్కన కళాధర్ పేరు కూడా పడింది. గోఖలే పాత్రల రూపం, దుస్తులు, నగలు గీసేవారనీ, కళాధర్ సెట్టింగులు లేపేవారనీ మా మేస్త్రీలు చెప్పేవారు. అయినా ఇద్దరూ కళా దర్శకులే; స్తంభానికీ చీర అంచుకీ మధ్య గోడ లేని రోజులవి.

అదంతా మద్రాసు. 1976లో అక్కినేని గారు ఇక్కడ, హైదరాబాదు రాళ్ళ మధ్య అన్నపూర్ణ స్టూడియో కట్టారు. పద్మాలయా, రామానాయుడు స్టూడియోలు వచ్చాయి. వాటి వెనకే వడ్రంగులు, మౌల్డర్లు, దర్జీలు దిగి, కృష్ణానగర్ గదులు నింపారు. నేనూ వాళ్ళలో ఒకణ్ణే. పని పెద్దదైంది. అసలు చార్మినార్ ఉన్న ఊళ్ళోనే ‘ఒక్కడు’ కోసం కళా దర్శకుడు అశోక్ ఇంకో చార్మినార్ లేపారు. మరుసటి ఏడు, 2004లో, ‘అర్జున్’ కోసం తోట తరణి మధుర మీనాక్షి గుడి కట్టారు. ఆయన తండ్రి తోట వెంకటేశ్వరరావు గారిదీ ఇదే వృత్తి.

పని పెరిగినకొద్దీ విభాగాలుగా విడిపోయింది. సెట్టింగు ఒకరిది, దుస్తులు ఇంకొకరివి. తప్పనడం లేదు. 2018 ‘మహానటి’లో ‘మాయాబజార్’ దృశ్యాలు మళ్ళీ పుట్టాయి. దానికి కళ అవినాష్ కొల్లది. దుస్తులకు ఇంద్రాక్షి పట్నాయక్, గౌరంగ్ షా, అర్చనా రావులకు జాతీయ అవార్డు వచ్చింది. ఆనాడు గోఖలే, కళాధర్‌ల బల్ల మీద తేలిన పనికి ఇన్ని చేతులు పట్టాయి. అందరూ గొప్పగా చేశారు. అది చూసినప్పుడు గోఖలే గారి మీద నా గౌరవం ఇంకా పెరిగింది.

2010లో ‘మాయాబజార్’ రంగుల్లో వచ్చినప్పుడు నేను కథ చూడలేదు, కిరీటాలే చూశాను. ఏ నగకు ఏ రంగన్నది, సినిమా వచ్చిన యాభై ఏళ్ళ తర్వాత, వేరే వాళ్ళు తేల్చాల్సి వచ్చింది.

సెట్టింగును షూటింగు అయిన మర్నాడే పీకేస్తాం. మిగిలేది స్కెచ్ ఒక్కటే. ఫిల్మ్‌నగర్‌లో, కృష్ణానగర్‌లో, చెన్నైలో మీ నాన్న గారో తాతయ్యో ఈ పని చేసి ఉంటే, ఇంట్లో ఉన్న బొమ్మల కాగితాలు పాత పేపర్లవాడికి వెయ్యకండి. వెనక సినిమా పేరు, రంగుల పేర్లు పెన్సిల్‌తో రాసి దాచండి.